నచికేత: అర్థం, పుట్టుక, పేరు పెట్టేముందు తల్లిదండ్రులు అడిగే ప్రశ్నలు

మగపిల్లాడికి అరుదైన సంస్కృత పేరు వెతికే తల్లిదండ్రులు చాలామంది ఎప్పుడో ఒకప్పుడు నచికేత దగ్గర ఆగుతారు. పలకడానికి హాయిగా ఉంటుంది, వెనక యముణ్ణే ప్రశ్నలడిగిన ఉపనిషత్తు కుర్రవాడి గొప్ప కథ ఉంది, క్లాసులో ఇంకొకరికి ఉండే అవకాశం తక్కువ. ఆ తర్వాత సందేహాలు మొదలవుతాయి. అర్థం ఒక్కోచోట ఒక్కోలా రాసి ఉంటుంది, ఇంట్లో పెద్దవాళ్ళు యముడి కథ కదా అని వెనకాడతారు, స్పెల్లింగు దగ్గర గొడవ. ఈ పేరు గురించి తరచుగా వచ్చే ప్రశ్నలకు ఇక్కడ జవాబులు రాస్తున్నాను. పేరు మీద నాకు చాలా ఇష్టం ఉంది, ఆ మాట ముందే చెబుతున్నాను.

నచికేత అంటే అసలు అర్థం ఏమిటి?

చాలామంది పండితులు చెప్పే వ్యుత్పత్తి ఇది: 'న' అంటే లేదు, కాదు. 'చికేత' అంటే గ్రహించాడు, తెలుసుకున్నాడు. రెండూ కలిస్తే 'ఇంకా తెలుసుకోనివాడు', 'ఎరగనివాడు'. చికేత అనేది చిత్, కిత్ అన్న రెండు రూపాల్లో కనిపించే ధాతువు నుంచి వచ్చిన క్రియ. మనం రోజూ వాడే చిత్తం, చేతన, చికిత్స ఆ కుటుంబంలోవే.

ఋగ్వేదం పదో మండలం, 79వ సూక్తంలో ఒక ఋషి అగ్నిని గురించి 'నాహం దేవస్య మర్త్యశ్చికేత' అంటాడు. 'మర్త్యుణ్ణి, ఆ దేవుడి తత్త్వం నాకు తెలియలేదు' అని. తెలియదని ఒప్పుకునే ఆ 'న... చికేత' ఇక్కడ అగ్నిని ఉద్దేశించి వచ్చింది. తర్వాతి కాలంలో నచికేతుడి పేరు కూడా ఒక అగ్నికే పెట్టారు. ఈ రెండూ పక్కపక్కన పెట్టుకుని చూస్తే ఈ పేరు ఎలాంటి ఆలోచనల మధ్య పుట్టిందో కొంత అర్థమవుతుంది.

వ్యాకరణం దగ్గర ఒక చిక్కుంది. చికేత క్రియారూపం, పేరేమో నచికేతస్ అనే, 'స్'తో ముగిసే శబ్దం. రెండూ అచ్చంగా అతకవు. అయినా ధాతువు విషయంలో పెద్దగా పేచీ లేదు.

'తెలియనివాడు' అని పిల్లాడికి పేరు పెడతామా? బాగుంటుందా?

ఈ పేరుకున్న బలమే అది అని నా అభిప్రాయం. తెలియదని గుర్తించినవాడే అడుగుతాడు. కఠోపనిషత్తులో యముడు ఈ కుర్రవాడితో 'త్వాదృఙ్నో భూయాన్నచికేతః ప్రష్టా' అంటాడు: నచికేతా, నీలాంటి ప్రశ్నించేవాడు మాకు దొరకాలి. చావుకే అధిపతి అయిన గురువు ఒక శిష్యుడికిచ్చిన మెప్పు ఇది. ఇంతకన్నా మంచి సర్టిఫికెట్ ఏ పేరుకుందో నాకు గుర్తు రావడం లేదు.

కేనోపనిషత్తు కూడా ఇదే దారిలో వెళ్తుంది. బ్రహ్మం తనకు తెలుసుననుకునేవాడికి అది తెలియదని, తెలియదనుకునేవాడికే తెలుసునని అక్కడ ఉంది. కాబట్టి ఇంట్లో ఎవరైనా 'అజ్ఞాని అని పేరు పెడుతున్నారా' అంటే, ఉపనిషత్తుల భాషలో తెలియకపోవడం చదువు మొదలయ్యే చోటు అని చెప్పండి.

ఇంకో చిన్న విషయం. యముణ్ణి నచికేతుడు అడిగిన మూడో ప్రశ్న 'యేయం ప్రేతే విచికిత్సా మనుష్యే' అని మొదలవుతుంది. చనిపోయాక మనిషి ఉంటాడా, ఉండడా అన్న సందేహం అది. సందేహం అనడానికి వాడిన విచికిత్సా అన్న మాటా చికేత చుట్టమే. పేరులో ఉన్న ధాతువే ప్రశ్నలోనూ వినిపిస్తుంది.

చాలాచోట్ల 'అగ్ని' అని అర్థం రాశారే?

అది కథలోంచి వెనక్కి తీసిన అర్థం. యముడు రెండో వరంగా ఒక అగ్నివిద్య నేర్పి, ఆ అగ్ని ఇకమీదట నీ పేరుతోనే ప్రసిద్ధమవుతుందని చెప్పాడు. 'తవైవ నామ్నా భవితాయమగ్నిః' అన్నది మంత్రం. ఆ అగ్నిని నాచికేతం అంటారు. మొదటి అక్షరానికి దీర్ఘం వచ్చిందని గమనించండి. నచికేతుడికి సంబంధించినది కాబట్టి నాచికేతం. కుర్రవాడి పేరు అగ్నికి వచ్చింది. అగ్ని పేరు కుర్రవాడికి రాలేదు.

'నాశనం లేనివాడు', 'ఆరని జ్వాల' వంటి అర్థాలు కూడా బేబీ నేమ్స్ పుస్తకాల్లో తిరుగుతుంటాయి. వినడానికి బాగుంటాయి గానీ వాటికి ధాతువుల ఆధారం బలంగా లేదు. వాటిని నమ్మి ఈ పేరు పెట్టకండి. అసలు అర్థం నచ్చితేనే పెట్టండి.

ఈ పేరు మొదట ఎక్కడ కనిపిస్తుంది?

అందరికీ తెలిసింది కఠోపనిషత్తు. కృష్ణయజుర్వేదం కఠశాఖకు చెందింది, రెండు అధ్యాయాలు, ఒక్కో అధ్యాయంలో మూడేసి వల్లులు, అంటే చిన్న భాగాలు. మొదటి మంత్రంలోనే పేరు వస్తుంది: 'తస్య హ నచికేతా నామ పుత్ర ఆస'.

అంతకంటే పాతదని పండితులు భావించేది, యజ్ఞాలను వివరించే వేదభాగమైన తైత్తిరీయ బ్రాహ్మణంలోని కథ, మూడో కాండ పదకొండో ప్రపాఠకం. ఇది మనకు చాలా దగ్గరిది, ఎందుకంటే తెలుగునాట వేదం చదువుకునే కుటుంబాల్లో ఎక్కువమందిది తైత్తిరీయ శాఖే. అందులో మూడో వరం వేరు. నచికేతుడు పునర్మృత్యువును, అంటే మళ్ళీ మళ్ళీ వచ్చే చావును గెలిచే దారి అడుగుతాడు. యముడు జవాబుగా మళ్ళీ నాచికేతాగ్నినే చెబుతాడు. ఉపనిషత్తుకు వచ్చేసరికి యజ్ఞం సరిపోలేదు, ఆత్మజ్ఞానం దాకా వెళ్ళాల్సి వచ్చింది. ఒకే కుర్రవాడి ప్రశ్న రెండు కాలాల్లో రెండు రకాలుగా లోతుకు దిగింది. చదువరులు ఈ రెండింటినీ పక్కపక్కన పెట్టి చదివితే వైదిక ఆలోచన ఎలా మారుతూ వచ్చిందో కళ్ళకు కడుతుంది.

ఋగ్వేదం 10.135 సూక్తంలో యముడు, తండ్రి, ఒక బాలుడు కనిపిస్తారు. పేరు లేదు. వేదభాష్యకారులు సాయణాచార్యులు ఆ బాలుణ్ణి నచికేతుడిగా వ్యాఖ్యానించారు.

కథ తెలుసు అనుకుంటాం గానీ సరిగ్గా గుర్తుండదు. మొత్తం చెబుతారా?

వాజశ్రవసుడు తన సర్వస్వం దానం చేసే యాగం చేశాడు. శంకరాచార్యుల భాష్యం దాన్ని విశ్వజిత్తు అంటుంది. దక్షిణగా ఇవ్వడానికి తోలుకెళ్తున్న ఆవులను కొడుకు చూశాడు. 'పీతోదకా జగ్ధతృణా దుగ్ధదోహా నిరింద్రియాః': తాగాల్సిన నీళ్ళు తాగేశాయి, తినాల్సిన గడ్డి తినేశాయి, ఇవ్వాల్సిన పాలు ఇచ్చేశాయి, ఇక ఈనలేవు. ఇలాంటివి ఇచ్చినవాడు ఆనందం లేని లోకాలకు పోతాడని ఆ పిల్లాడికి దిగులు పట్టుకుంది. ఉపనిషత్తు దాన్ని 'శ్రద్ధ అతనిలో ప్రవేశించింది' అని చెబుతుంది.

'నాన్నా, నన్నెవరికిస్తావు?' అని అడిగాడు. రెండోసారి, మూడోసారి అడిగాడు. తండ్రి విసిగి 'నిన్ను మృత్యువుకిస్తున్నా' అనేశాడు.

యముడింటికి వెళ్తే యముడు లేడు. మూడు రాత్రులు తిండి లేకుండా వాకిట్లో ఉన్నాడు. తైత్తిరీయ బ్రాహ్మణంలో ఇక్కడ ఒక అద్భుతమైన సంభాషణ ఉంది. మొదటి రాత్రి ఏం తిన్నావని యముడడిగితే 'నీ సంతానాన్ని' అంటాడు. రెండో రాత్రి 'నీ పశువులను', మూడో రాత్రి 'నీ పుణ్యాన్ని'. ఇంటికొచ్చిన అతిథి పస్తుంటే ఆ గృహస్థుడు పోగొట్టుకునేవి అవే. యముడు తడబడి రాత్రికొకటి చొప్పున మూడు వరాలిచ్చాడు.

కఠోపనిషత్తులో మొదటి వరం: తండ్రి కోపం పోవాలి, నేను తిరిగి వెళ్ళినప్పుడు నన్ను గుర్తుపట్టి ప్రేమగా పలకరించాలి. రెండోది స్వర్గానికి దారి చూపే అగ్ని. మూడోది ఆ ప్రశ్న. యముడు జవాబు చెప్పడానికి ఒప్పుకోలేదు. దేవతలకే ఇందులో సందేహముందన్నాడు. నూరేళ్ళు బతికే కొడుకులు, మనవలు, ఏనుగులు, గుర్రాలు, బంగారం, రథాలతో సహా అప్సరసలు, కావలసినంత ఆయుష్షు, అన్నీ ఇస్తానన్నాడు. 'మరణం గురించి మాత్రం అడక్కు' అన్నాడు.

నచికేతుడి జవాబు: ఇవన్నీ రేపటికి ఉంటాయో ఉండవో, ఇంద్రియాల తేజస్సును హరిస్తాయి. ఆ రథాలు, ఆ నాట్యాలు, ఆ పాటలు నీ దగ్గరే ఉంచుకో. 'న విత్తేన తర్పణీయో మనుష్యః', డబ్బుతో మనిషికి తృప్తి కలగదు. అప్పుడు యముడు గురువయ్యాడు. శ్రేయస్సు (మేలు చేసేది) వేరు, ప్రేయస్సు (మనసుకు నచ్చేది) వేరు అని మొదలుపెట్టి, శరీరం రథం, బుద్ధి సారథి, మనసు కళ్ళెం అన్న ప్రసిద్ధమైన పోలిక దాకా తీసుకెళ్ళాడు. 'ఉత్తిష్ఠత జాగ్రత' (లేవండి, మేల్కోండి) ఈ ఉపనిషత్తులోదే. స్వామి వివేకానంద ఆ మాటలను, నచికేతుడి శ్రద్ధను మళ్ళీ మళ్ళీ ప్రస్తావించడం వల్ల అవి దేశమంతా వ్యాపించాయి.

అప్పుడతని వయసెంత?

మూలంలో అంకె లేదు. 'కుమారం సంతం' అని మాత్రమే ఉంది. శంకరులు ఇంకా యౌవనం రాని బాలుడని వివరించారు. ఎనిమిదేళ్ళు, తొమ్మిదేళ్ళు అని చెప్పేవి తర్వాతివాళ్ళు చేర్చుకున్నవి.

కన్నతండ్రే చావుకిచ్చిన పిల్లాడి పేరు. యముడి కథ. ఇంట్లో అశుభం అంటున్నారు, ఏం చెప్పాలి?

అన్నిటికన్నా ఎక్కువగా వచ్చే ప్రశ్న ఇదే, పెద్దవాళ్ళ భయాన్ని తేలిగ్గా తీసేయకూడదు కూడా. ఆ భయానికి ఒక కారణం ఉంది. ఈ ఉపాఖ్యానాన్ని శ్రాద్ధకాలంలో వినిపిస్తే అనంతమైన ఫలమని కఠోపనిషత్తే చెబుతుంది. అలా ఈ కథకు పితృకార్యాలతో సంబంధం ఏర్పడింది.

అయితే అదే మంత్రం బ్రహ్మసభలో, అంటే వేదం తెలిసినవాళ్ళ సభలో కూడా వినిపించమంటుంది. పైగా కథలో నచికేతుడు చావలేదు. యముడింటికి వెళ్ళి, మొదటి వరంగానే తిరిగి తండ్రి దగ్గరకు చేరే దారి చూసుకున్నాడు. యముణ్ణి ఎదుర్కొని బతికిన మార్కండేయుడి పేరు తెలుగువాళ్ళు తరతరాలుగా పెట్టుకుంటున్నారు. పద్మశాలీలకు ఆయన మూలపురుషుడు, ఆరాధ్యుడు. ఎన్ని ఊళ్ళలో మార్కండేయులు గారు ఉన్నారో చూడండి. ధర్మరాజు అన్న పేరు యముడిదే, ఆయన కొడుకుగా పుట్టిన పాండవుడిది కూడా. దాన్ని ఎవరూ అశుభం అనలేదు. ఆయుష్షు గురించి భయపడేవాళ్ళకు నేను చెప్పేది ఇదే: మన సంప్రదాయంలో యముణ్ణి మెప్పించిన పేర్లన్నీ దీర్ఘాయుష్షు పేర్లే.

ఇక తండ్రి సంగతి. కోపంలో నోరుజారిన మాట అది, ఆ తర్వాత బాధపడ్డాడని భాష్యకారులు అంటారు. నాకు ఈ కథలో ఎప్పుడూ కదిలించేది మొదటి వరమే. చావు నోట్లోకి తోసిన తండ్రి ప్రశాంతంగా ఉండాలని కొడుకు కోరుకున్నాడు. తనకోసం అడిగినవన్నీ ఆ తర్వాతే.

మహాభారతంలోని నచికేతుడు వేరే వ్యక్తా?

అనుశాసన పర్వంలో నాచికేతుడని, దీర్ఘంతో వస్తాడు. ఉద్దాలకి అనే ఋషి నది ఒడ్డున మరిచిపోయిన సమిధలు, దర్భలు, పూలు, కలశం తెమ్మని కొడుకును పంపుతాడు. అవి నీటిలో కొట్టుకుపోయాయి. ఆకలితో అలసి ఉన్న తండ్రి 'యముణ్ణి చూడు' అని శపిస్తే కొడుకు అక్కడికక్కడే పడిపోతాడు. తండ్రి ఏడుస్తూ కూర్చుంటాడు. తెల్లారేసరికి కొడుకు లేచి, యమలోకంలో తాను చూసినవి, ముఖ్యంగా గోదానం చేసినవాళ్ళు పొందే లోకాలు వర్ణిస్తాడు. ఎముకలగూడు అదే, కండ వేరు. ఇక్కడ ఆత్మవిద్య ఊసు లేదు, గోదాన మహిమ ప్రధానం. ముసలి ఆవులు దానమిచ్చిన తండ్రి కథ, చివరికి మంచి ఆవులను దానమివ్వమని చెప్పే కథగా మారింది.

కఠోపనిషత్తులోనే తండ్రిని వాజశ్రవసుడని, గౌతముడని, ఔద్దాలకి ఆరుణి అని మూడు రకాలుగా పిలిచారు. వాజం అంటే అన్నం, శ్రవస్సు అంటే కీర్తి. అన్నదానంతో పేరు పొందిన వంశం వాళ్ళదని శంకరుల వివరణ.

తెలుగు సాహిత్యంలో ఈ పేరుందా?

ఉంది. పదిహేనో శతాబ్దంలో దగ్గుపల్లి దుగ్గన నాచికేతోపాఖ్యానం అనే కావ్యం రాశాడు. ఈయన శ్రీనాథుడి బావమరిది. ఉత్తరాదిన నాసికేతుడనే రూపంతో ఇంకో పౌరాణిక కథ ప్రచారంలో ఉంది. అందులో బిడ్డ తల్లి ముక్కులోంచి పుట్టాడు కాబట్టి నాసిక నుంచి నాసికేతుడయ్యాడని చెబుతారు. అది తర్వాతి కాలంలో జనం పేరుకు చెప్పుకున్న కారణం. ఎవరైనా మీ పిల్లాడి పేరును ముక్కుతో ముడిపెడితే అది ఎక్కడి నుంచి వచ్చిందో మీకు తెలిసి ఉంటుంది.

పేరులో 'కేత' ఉంది. కేతుగ్రహంతో సంబంధమా?

గ్రహంతో లేదు. కేతువు అన్న మాట కూడా చిత్ ధాతువు కుటుంబంలోదే, వేదంలో దానికి వెలుగు, గుర్తు, జెండా అని అర్థాలు. గ్రహం పేరుగా స్థిరపడింది తర్వాత. శ్వేతకేతు అన్న ఉపనిషత్ పేరులోనూ అంతే. జాతకంలో కేతువు గురించి టెన్షన్ ఉన్నవాళ్ళు దాన్ని ఈ పేరు మీదికి తెచ్చుకోనక్కర్లేదు.

ఏ నక్షత్రానికి ఈ పేరు వస్తుంది?

నామాక్షరాల పట్టిక ప్రకారం న, ని, ను, నే అనూరాధ నక్షత్రం నాలుగు పాదాలవి. న మొదటి పాదం. రాశి వృశ్చికం. మీ బాబు నక్షత్రం వేరైతే, ఆ అక్షరంతో ఒక జన్మనామం పెట్టి బియ్యంలో రాయించి, వ్యవహారానికి నచికేత ఉంచుకోవచ్చు. మన ఇళ్ళలో చాలాకాలంగా జరుగుతున్న పద్ధతే ఇది.

గృహ్యసూత్రాలు (ఇంట్లో చేసే సంస్కారాల పద్ధతి చెప్పే పాత గ్రంథాలు) చెప్పిన నామకరణ నియమాలకు సరిపోతుందా?

దాదాపు. తెలుగునాట ఎక్కువగా పాటించే ఆపస్తంబ గృహ్యసూత్రం, మగబిడ్డ పేరు రెండు లేదా నాలుగు అక్షరాలుండాలని, నాదంతో పలికే హల్లుతో మొదలవ్వాలని, దీర్ఘంతోనో విసర్గతోనో ముగియాలని, మధ్యలో య ర ల వ లలో ఒకటి ఉండాలని, చివరి భాగం క్రియాధాతువు నుంచి రావాలని చెబుతుంది. సంస్కృతంలో ఈ పేరు ప్రథమావిభక్తి నచికేతాః. న చి కే తాః, నాలుగు అక్షరాలు. మొదటిది న, నాదముంది. చివర దీర్ఘమూ విసర్గా రెండూ ఉన్నాయి. చికేత క్రియ. య ర ల వ ఒక్కటి మాత్రం లేదు.

ఆశ్వలాయన గృహ్యసూత్రం ఇంకో మాట చెబుతుంది. స్థిరత్వం కోరేవాడు రెండక్షరాల పేరు, బ్రహ్మవర్చస్సు, అంటే వేదవిద్య వల్ల వచ్చే తేజస్సు కోరేవాడు నాలుగక్షరాల పేరు పెట్టాలట. నచికేతుడికి నాలుగే ఉండటం చూస్తే ముచ్చటేస్తుంది.

నచికేత, నచికేత్, నచికేతన్, నచికేతస్, నచికేతుడు. ఏది సరైనది?

మూల శబ్దం నచికేతస్. దుర్వాసస్ అన్న శబ్దం తెలుగులో దుర్వాసుడైనట్టే ఇది నచికేతుడయింది. కథ చెప్పేటప్పుడు నచికేతుడు, పిలిచేటప్పుడు నచికేతా. సర్టిఫికెట్‌లో నచికేత రాయించడం నా దృష్టిలో మంచిది. హిందీ, బెంగాలీల్లో నచికేతా అని, మరాఠీలో నచికేత్ అని వాడతారు, అవీ తప్పు కావు. నచికేతన్‌కు మాత్రం సంస్కృతంలో ఆధారం కనిపించదు. నికేతన్ లాంటి మాటల ధోరణిలో వచ్చి ఉంటుంది. నాచికేత అని దీర్ఘం తీయకండి, అది అగ్ని పేరు. నచ్చికేత అని ఒత్తు కూడా పెట్టకండి.

ఆడపిల్ల పేరు అనుకుంటారేమో?

అనుకుంటారు. సునీత, వినీత, లలిత విని పెరిగిన చెవులు మనవి. కథ తెలిసినవాళ్ళకు ఆ ఇబ్బంది ఉండదు, తెలియనివాళ్ళకు ఒకసారి చెప్పాల్సి వస్తుంది. ఇది మిమ్మల్ని బాగా ఇబ్బంది పెడుతుందనిపిస్తే నచికేత్ అనుకోండి, లేదా వెనక శర్మ, రెడ్డి, కుమార్ లాంటిది మీ ఇంటి అలవాటును బట్టి ఉంటే సమస్య దాదాపు తీరిపోతుంది.

ఇంగ్లీషులో ఎలా రాయాలి?

తెలుగువాళ్ళం త అనే అక్షరానికి టి పక్కన హెచ్ చేర్చడం అలవాటు. ఉత్తరాదిలో ఒట్టి టి రాస్తారు. రెండూ వాడుకలో ఉన్నాయి. విదేశాల్లో ఉన్నవాళ్ళకు హెచ్ లేని రూపమే మేలు. హెచ్ ఉంటే అక్కడివాళ్ళు నాలుక పళ్ళ మధ్య పెట్టి వేరే ధ్వని పలుకుతారు. ఏది ఎంచుకున్నా జనన ధ్రువపత్రంలో, ఆధార్‌లో, స్కూలు రికార్డులో, పాస్‌పోర్టులో ఒకటే ఉండాలి. తర్వాత దిద్దించుకోవాలంటే చాలా తిప్పలు.

పేరు ఇంకా తేల్చుకోకపోతే కంగారు పడొద్దు. పేరు లేకుండా జననం నమోదు చేయించి, 12 నెలల్లోపు ఫీజు లేకుండా పేరు చేర్పించవచ్చు. ఆలస్య రుసుముతో 15 ఏళ్ళ దాకా వీలుంది.

ముద్దుపేరు?

నచి, కేతు, చికి, నాని. ఇంట్లో ఏది నోటికొస్తే అది. మూడోది కాస్త పెద్దయ్యాక వాడే వద్దంటాడు.

ఈ పేరున్న ప్రసిద్ధులు ఎవరు?

తెలుగువాళ్ళు గర్వంగా చెప్పుకోవాల్సిన పేరు కంభంపాటి నచికేత. కార్గిల్ యుద్ధంలో భారత వైమానిక దళ ఫ్లైట్ లెఫ్టినెంట్‌గా 1999 మే 27న బటాలిక్ ప్రాంతంలో మిగ్-27 నడుపుతుండగా ఇంజిన్ ఆగిపోయింది. పారాచూట్‌తో దిగి పాకిస్తాన్ సైనికుల చేతికి చిక్కారు. జూన్ 3న విడుదలై స్వదేశం చేరారు. వెన్ను దెబ్బతినడంతో యుద్ధవిమానాలు వదిలి రవాణా విమానాలు నడిపి, గ్రూప్ కెప్టెన్ స్థాయికి ఎదిగారు. ఆ వారం రోజులూ పేపర్లలో ఈ పేరు చదివి, తర్వాత పుట్టిన పిల్లలకు పెట్టుకున్న ఇళ్ళు ఉన్నాయి. శత్రువు ఇంటికి వెళ్ళి తిరిగొచ్చిన ఇంకో నచికేతుడని అప్పట్లో చాలామందికి తోచింది.

బెంగాల్లో గాయకుడు నచికేత చక్రవర్తి 1990ల నుంచి ఇంటింటా తెలిసిన పేరు. అక్కడ ఈ పేరు మనకన్నా ఎక్కువ వాడుకలో ఉండటం గమనిస్తారు.

ఈ పేరుతో చోటేదైనా ఉందా, పిల్లాణ్ణి తీసుకెళ్ళడానికి?

ఉత్తరాఖండ్‌లో ఉత్తరకాశి దగ్గర నచికేత తాల్ అనే చిన్న సరస్సుంది. చౌరంగీఖాల్ నుంచి అడవిలో సుమారు 3 కిలోమీటర్ల నడక. ఉద్దాలకుడి కొడుకు నచికేతుడి పేరు మీద వచ్చిందని స్థానికులు చెప్పుకుంటారు. గంగోత్రి వైపు వెళ్ళే తెలుగు యాత్రికులు ఒక పూట ఇక్కడికి కేటాయించవచ్చు. నడవగలిగే వయసు పిల్లలకు కష్టమైన దారి కాదు.

వాడికి తన పేరు కథ ఎప్పుడు చెప్పాలి?

ముక్కలుగా చెప్పండి. నాలుగైదేళ్ళప్పుడు ముసలి ఆవుల దాకా చాలు: పనికిరానివి దానమివ్వడం తప్పని ఒక పిల్లాడు నాన్నకు ధైర్యంగా చెప్పాడు. ఏనుగులూ గుర్రాలూ రథాలూ వద్దన్న భాగం ఏడెనిమిదేళ్ళకు బ్రహ్మాండంగా నచ్చుతుంది, ఎందుకొద్దన్నాడని వాళ్ళే వాదన పెట్టుకుంటారు. తాతగారో అమ్మమ్మగారో పోయినప్పుడు పిల్లలు మూడో ప్రశ్న తమంతట తామే అడుగుతారు. అప్పుడు దాటవేయకండి. ఈ పేరు పెట్టిన ఇంట్లో 'పెద్దవాళ్ళ మాటల్లో దూరకు' అనడం న్యాయం కాదు. మూడుసార్లు అడిగినా విసుక్కోకుండా జవాబివ్వాలి, తెలియకపోతే తెలియదనాలి. అందుకు సిద్ధంగా లేకపోతే వేరే పేరు చూసుకోండి అని నేను సూటిగానే చెబుతాను.

నచ్చింది గానీ ఇంట్లో ఒప్పుకోవడం లేదు. ఇలాంటివి ఇంకేమున్నాయి?

సత్యకామ: తండ్రి ఎవరో తెలియదని గురువు దగ్గర నిజం చెప్పిన ఛాందోగ్యోపనిషత్తు కుర్రవాడు. పేరులో కామ ఉందని కొందరు సంకోచిస్తారు, అక్కడ దాని అర్థం కోరిక అంతే. శ్వేతకేతు: 'తత్త్వమసి' విన్న శిష్యుడు, అతనూ ఉద్దాలకుడి కొడుకే కాబట్టి నచికేతుడికి అన్నో తమ్ముడో అనేవాళ్ళున్నారు. కవలలకు ఈ రెండు పేర్లూ బాగుంటాయి. ఉపకోసల: సత్యకాముడి శిష్యుడు, గురువు ఊరెళ్తే అగ్నులే పాఠం చెప్పాయి. ప్రతర్దన: ఇంద్రుణ్ణి వరం నువ్వే ఎంచమన్న రాజు, కౌషీతకి ఉపనిషత్తులో ఉన్నాడు. సుకేశ: ప్రశ్నోపనిషత్తులో గురువు పిప్పలాదుణ్ణి చివరి ప్రశ్న అడిగిన భారద్వాజుడు, పలకడానికి అన్నిటికన్నా సులువు. ఆయుష్షు గురించి బెంగపడే అమ్మమ్మలుంటే మహిదాస అని చెప్పి చూడండి. ఛాందోగ్యం ప్రకారం ఆయన 116 ఏళ్ళు బతికాడు.